ఖాళీలో ఏం పెడతారు? షేక్‌స్పియర్ జీవితం, టీవీ సీరియళ్లు

అందరికీ నమస్కారం. వెనక వరసలో ఉన్నవాళ్లకు వినబడుతోందా? వినబడకపోతే చెయ్యెత్తండి, మైకు దగ్గరికి జరుపుకుంటాను. సరే.

ఇవాళ నన్ను మాట్లాడమన్న విషయం ఇది. ఒక నాటక రచయిత జీవితాన్ని టీవీ సీరియల్‌గా తీస్తే ఎలా ఉంటుంది, ఎలా ఉండాలి? ఆ రచయిత షేక్‌స్పియర్. నేను ముఖ్యంగా రెండు సీరియళ్ల గురించి చెబుతాను. ఒకటి 1978లో ఇంగ్లండులో వచ్చిన ‘విల్ షేక్‌స్పియర్’, ఆరు భాగాలు. రెండోది 2017లో అమెరికాలో టీఎన్‌టీ చానల్లో వచ్చిన ‘విల్’, పది భాగాలు. రెండోది చూసినవాళ్లు మీలో కొందరున్నారని నాకు తెలుసు. ఇందాక టీ తాగేటప్పుడు ఇద్దరు దాని మీద గట్టిగా వాదించుకుంటుంటే విన్నాను. మొదటిది చూసినవాళ్లు తక్కువే ఉంటారు. పరవాలేదు, చూడకపోయినా విషయం అందుతుంది.

సీరియళ్ల దగ్గరికి వెళ్లేముందు ఒక చిన్న లెక్క. షేక్‌స్పియర్ చేతిరాత, ఇది ఆయనదే అని ఏ సందేహమూ లేకుండా అందరూ ఒప్పుకునేది, ఇప్పుడు ఎంత మిగిలింది? నాటకాలు అచ్చులో ఉన్నాయి, వాటి సంగతి కాదు నేనడిగేది. చేతిరాత. ఆరు సంతకాలు. ఆరంటే ఆరే. ఒకటి కోర్టు కాగితం మీద, రెండు లండన్‌లో ఒక ఇల్లు కొన్న పత్రాల మీద, మూడు వీలునామా మీద. ఆ ఆరింటిలో కూడా పేరు ఒకేలా రాసి లేదు. ఆయన రాసిన ఉత్తరం ఒక్కటీ లేదు. డైరీ లేదు. ఈ నాటకం ఎందుకు రాశాను అని ఎక్కడా ఒక్క ముక్క చెప్పలేదు.

అలాంటి మనిషి మీద మీరు పది భాగాలు రాయాలి. ఏం చేస్తారు?

ఇక్కడ కూర్చున్నవాళ్లలో సగం మంది టీవీకో, వెబ్ సిరీస్‌కో రాస్తున్న పిల్లలు. అందుకే మిమ్మల్నే అడుగుతున్నాను. ఏం చేస్తారు? ఖాళీ నింపుతారు. తప్పదు. నేను దాన్ని తప్పు పట్టడం లేదు. ఖాళీ నింపకుండా సీరియల్ తీయలేం. నా ప్రశ్నల్లా ఒకటే. ఖాళీలో ఏం పెడుతున్నారు?

ముందు కాగితాలు ఏం చెబుతున్నాయో చూద్దాం. ఇది తొందరగా చెప్పేస్తాను. 1564 ఏప్రిల్ 26న స్ట్రాట్‌ఫర్డ్ చర్చిలో బాప్టిజం. తండ్రి జాన్ చేతి తొడుగులు కుట్టేవాడు, ఒక దశలో ఊరికి పెద్దగా కూడా చేశాడు. 1582 నవంబరులో పెళ్లి. పెళ్లికొడుక్కి 18 ఏళ్లు, పెళ్లికూతురు ఆన్ హాత్‌వేకి 26. ఆరు నెలలు తిరిగేసరికి పెద్దమ్మాయి సుసానా. 1585 ఫిబ్రవరి 2న కవలలకు బాప్టిజం, హామ్నెట్, జూడిత్. ఆ తర్వాత? ఆ తర్వాత దాదాపు ఏమీ లేదు. ఏడేళ్లు. మళ్లీ 1592లో లండన్‌లో కనబడతాడు. ఎలా కనబడతాడో తెలుసా? తిట్టులో.

రాబర్ట్ గ్రీన్ అని చదువుకున్న రచయిత ఒకాయన ఆ ఏడాది చనిపోయాడు. ఆయన పేరు మీద వచ్చిన చిన్న పుస్తకంలో ఒక మాట ఉంది: మన ఈకలు తగిలించుకుని సింగారించుకున్న కొత్త కాకి ఒకడు బయల్దేరాడు, దేశంలో రంగస్థలాన్ని ఊపేసేవాణ్ణి నేనొక్కణ్ణే అనుకుంటున్నాడు అని. నెమలి ఈకలు పెట్టుకున్న కాకి కథ మనకు చిన్నప్పటి నుంచి తెలుసు కదా. అచ్చం అదే. లండన్ నాటకరంగంలో షేక్‌స్పియర్ గురించి మనకు దొరికిన మొదటి మాట అది. ఒక నటుడు, యూనివర్సిటీ మెట్లెక్కనివాడు, మా పని లాక్కుంటున్నాడనే ఏడుపు.

1585 నుంచి 1592 దాకా ఉన్న ఆ ఏడేళ్ల ఖాళీ ఉంది చూశారా, సీరియల్ రాసేవాళ్లకు అది బంగారు గని. ఎవరు ఏం చెప్పినా కాదనే కాగితం లేదు. జమీందారు తోటలో జింకల్ని దొంగతనంగా వేటాడి, పట్టుబడి, ఊరొదిలి పారిపోయాడనే కథ మీరు వినే ఉంటారు. ఆ కథను నికొలస్ రో తన జీవితచరిత్రలో రాసింది 1709లో. అంటే మనిషి పోయిన 93 ఏళ్లకు! అయినా అది మూడువందల ఏళ్లుగా నడుస్తోంది. ఎందుకు? వినడానికి బాగుంది కాబట్టి. దృశ్యం కళ్లకు కడుతుంది కాబట్టి. రాసేవాళ్లకు అన్నిటికన్నా ఎక్కువ టెంప్టేషన్ అదే, కళ్లకు కట్టే అబద్ధం.

ఇప్పుడు 1978 సీరియల్. రాసింది జాన్ మార్టిమర్. ఆయన లాయరు, కోర్టులో వాదించిన మనిషి. షేక్‌స్పియర్‌గా టిమ్ కర్రీ, ఆ కాలపు ఇంకో నాటక రచయిత క్రిస్టఫర్ మార్లోగా ఇయన్ మెక్‌షేన్ వేశారు. మొదటి భాగం పేరు ‘డెడ్ షెపర్డ్’, చనిపోయిన గొర్రెల కాపరి అని. ఆ మాట షేక్‌స్పియర్ నాటకంలోదే. మార్లో పోయిన కొన్నేళ్లకు రాసిన నాటకంలో, మార్లోని గొర్రెల కాపరి అని పిలిచి, ఆయన పద్యపాదం ఒకటి ఉన్నదున్నట్టు వాడుకుంటాడు. ఆ పేరుతో సీరియల్ మొదలుపెట్టడం దగ్గరే నాకు మార్టిమర్ మీద నమ్మకం కుదిరింది. ప్రేమకథతో కాకుండా, జింకల వేటతో కాకుండా, ఒక రచయిత ఇంకో రచయిత దగ్గర పని నేర్చుకోవడంతో మొదలుపెట్టాడు.

ఆ ఇద్దరినీ పక్కపక్కన పెట్టి చూడండి. ఇద్దరూ 1564లోనే పుట్టారు, రెండు నెలల తేడా. మార్లో కాంటర్‌బరీలో చెప్పులు కుట్టేవాడి కొడుకు. ఈయన స్ట్రాట్‌ఫర్డ్‌లో చేతి తొడుగులు కుట్టేవాడి కొడుకు. ఇద్దరి ఇళ్లలోనూ తోలు వాసనే. ఒకడు కేంబ్రిడ్జికి వెళ్లాడు, ఒకడు వెళ్లలేదు. గ్రీన్ కాకి అని తిట్టే నాటికి మార్లో లండన్‌లో పెద్ద పేరు. మరుసటి ఏడాది, 1593 మే 30న, డెట్‌ఫర్డ్‌లో ఒక ఇంట్లో కంటిపైన కత్తి దిగి చచ్చిపోయాడు. 29 ఏళ్లు! పొడిచినవాడు ఇంగ్రమ్ ఫ్రైజర్. తిన్నదానికి, తాగినదానికి బిల్లు ఎవరు కట్టాలని తగవు వచ్చిందని విచారణ కాగితంలో ఉంది. ఆ కాగితం ఎప్పుడు దొరికిందంటారు? 1925లో. లెస్లీ హాట్సన్ అనే పరిశోధకుడు పాత రికార్డులు తవ్వుతుంటే బయటపడింది. అంతకు ముందు 330 ఏళ్లు ఎవరికి తోచిన కథ వాళ్లు చెప్పుకున్నారు.

షేక్‌స్పియర్ ‘యాజ్ యూ లైక్ ఇట్’లో ఒక మాట ఉంది. మన పద్యం అవతలివాడికి అర్థం కాకపోతే, అది చిన్న గదిలో పెద్ద లెక్క తేలినట్టు మనిషిని చంపేస్తుంది అని ఒక విదూషకుడు అంటాడు. లెక్క అన్నచోట ఆయన వాడిన మాటకు ఇంగ్లీషులో బిల్లు అనే అర్థం కూడా ఉంది. చాలామంది పండితులకు అందులో మార్లో చావు వినబడింది. నాకూ వినబడుతుంది. మీరు సీరియల్ రాస్తుంటే ఈ ఒక్క వాక్యం చాలదా? స్నేహితుడి చావు మీద ఏడుస్తూ డైలాగు చెప్పించక్కర్లేదు. ఆరేడేళ్ల తర్వాత, నవ్వించే పాత్ర నోట, నవ్వులాటలో, ఆ గది గుర్తొస్తుంది. అంతే.

అయితే మార్టిమర్ కూడా ఆకర్షణకు లొంగిపోయిన చోట్లు ఉన్నాయి. సానెట్లు ఉన్నాయి కదా, 154 పద్యాలు. వాటిలో ఒక అందమైన యువకుడు ఉంటాడు, ఒక నల్లని కళ్ల స్త్రీ ఉంటుంది. యువకుడి స్థానంలో సౌతాంప్టన్ ప్రభువును నిలబెట్టాడు. దానికి కొంత ఆధారం ఉంది, 1593లో, 1594లో అచ్చయిన రెండు పొడుగు కావ్యాలను షేక్‌స్పియర్ ఆయనకే అంకితం ఇచ్చాడు. కానీ పద్యాన్ని డైరీలాగా చదవడం మొదలుపెడితే ఎక్కడ ఆగుతాం? ఆ ప్రశ్న 1978 సీరియల్ చూస్తున్నంతసేపూ నన్ను వదల్లేదు.

ఇక 2017 సీరియల్. దీన్ని సృష్టించింది క్రెయిగ్ పియర్స్. నిర్మాతల్లో ఒకడు, మొదటి భాగానికి దర్శకుడు ఎవరో తెలుసా? మన శేఖర్ కపూర్. షేక్‌స్పియర్‌గా లారీ డేవిడ్‌సన్ అనే కుర్రాడు. కథ 1589లో మొదలవుతుంది. పెళ్లాం పిల్లల్ని ఊళ్లో వదిలి పొట్ట చేతబట్టుకుని లండన్ వస్తాడు. రంగురంగుల జుట్లు, ముళ్ల పట్టీలు, పంక్ పాటలు. మొదటి భాగంలోనే ‘లండన్ కాలింగ్’ పాట మోగుతుంది. సారాయి దుకాణంలో గ్రీన్‌తో పద్యాల పోటీ, ఇప్పటి ర్యాప్ పోటీలాగా.

ఇందాక వాదించుకున్న ఇద్దరిలో ఒకరు, ఇదేం వేషాలండీ, ఆ కాలంలో ఇలా ఉండేవాళ్లా అన్నారు. ఆయన ఇక్కడే ఉన్నారు. అయ్యా, మీ మాట కాదంటున్నందుకు ఏమనుకోకండి. ఆ వేషాల్ని నేను సమర్థిస్తాను. ఎందుకో చెబుతాను. షేక్‌స్పియర్ రోజుల్లోనే ఎవరో గీసిన బొమ్మ ఒకటి దొరికింది. పీచమ్ డ్రాయింగ్ అంటారు. ‘టైటస్ ఆండ్రోనికస్’ నాటకంలో దృశ్యం. అది రోమన్ కథ. బొమ్మలో టైటస్ రోమన్ దుస్తుల్లో ఉన్నాడు, పక్కనే నిలబడ్డ సైనికులు ఇంగ్లీషు సైనికుల దుస్తుల్లో ఉన్నారు! అంటే వాళ్లు చరిత్రను తమ కాలం బట్టల్లోనే ఆడారు. చూసేవాడికి అది ముందటి కథ కాదు, ఇప్పటి కథ. ఆ పని సీరియల్ చేస్తే, అది ఆయన దారే. బట్టల్లో నాకు తగవు లేదు.

ఇంకో మంచి పని కూడా చేసింది ఆ సీరియల్. భయాన్ని చూపించింది. ఎలిజబెత్ రాణి కాలంలో కాథలిక్ పూజారులను దాచడం నేరం, ప్రాణం పోయే నేరం. రిచర్డ్ టాప్‌క్లిఫ్ అనేవాడు నిజంగా ఉన్నాడు, కాథలిక్కులను పట్టి హింసించడం వాడి ఉద్యోగం. రాబర్ట్ సౌత్‌వెల్ అనే జెసూట్ పూజారి, కవి, 1592లో వాడికి చిక్కాడు, 1595లో ఉరికంబం ఎక్కాడు. షేక్‌స్పియర్ లండన్‌లో నాటకాలు రాస్తున్న రోజులే ఇవి. సీరియల్ షేక్‌స్పియర్‌ను రహస్య కాథలిక్‌గా చూపించింది. అది కల్పన. కానీ ఆ ఊళ్లో, ఆ వీధుల్లో, ఒక మాట అటూ ఇటూ అయితే మెడ మీదికి వస్తుందనే టెన్షన్, అది కల్పన కాదు. రాసిన ప్రతి నాటకమూ రాజాస్థానం అధికారి చదివి అనుమతిస్తేనే రంగం మీదికి వచ్చేది. అలాంటి చోట రాజును దించేసే నాటకం రాయడమంటే ఏమిటో ఊహించండి.

మరి నా తగవు ఎక్కడ? ఆలిస్ దగ్గర. సీరియల్‌లో ఆలిస్ బర్బేజ్ అని థియేటర్ యజమాని కూతురు. జేమ్స్ బర్బేజ్‌కు ఆలిస్ అనే కూతురు నిజంగానే ఉంది. సీరియల్‌లో ఆమెకూ విల్‌కూ ప్రేమ. చూపులు కలుస్తాయి, పద్యం పుడుతుంది. చూపులు విడిపోతాయి, ఇంకో పద్యం పుడుతుంది. ఇది ఈ ఒక్క సీరియల్ తప్పు కాదు. రచయితల మీద తీసే చిత్రాల్లో తొంభై పాళ్లు ఇదే. ప్రేమలో పడ్డాడు కాబట్టి రోమియో జూలియెట్ రాశాడు. ఇంత సులువా?

రోమియో జూలియెట్ కథ షేక్‌స్పియర్‌ది కాదు. ఆర్థర్ బ్రూక్ అనే ఆయన ఇంగ్లీషులో పొడుగాటి పద్యకథగా రాస్తే 1562లో అచ్చయింది. షేక్‌స్పియర్ పుట్టడానికి రెండేళ్ల ముందు! ఆయన ముందర ఆ పుస్తకం ఉంది. బ్రూక్ నెలల తరబడి నడిపిన కథను ఈయన నాలుగైదు రోజుల్లోకి కుదించాడు. జూలియెట్ వయసు తగ్గించి పద్నాలుగేళ్లు కూడా నిండని పిల్లను చేశాడు. మెర్క్యూషియో బ్రూక్ దగ్గర ఒక మూల కూర్చున్న మనిషి, ఈయన దగ్గర నాటకాన్ని మోసే మనిషి. ఇవీ ఆయన చేసిన పనులు. రాత్రి దీపం దగ్గర ఇంకొకరి పుస్తకం ముందేసుకుని, ఇది తీసెయ్, ఇది పెంచు, వీణ్ణి ముందే చంపెయ్ అని కొట్టుకుంటున్న మనిషి. ఆ మనిషిని నాకు చూపించండి. చూపులు కలవడం ఎవరి జీవితంలోనైనా ఉంటుంది. బ్రూక్ పుస్తకంలోంచి ఈ నాటకాన్ని తియ్యగలిగినవాడు ఒక్కడే.

ఇప్పుడు కష్టమైన విషయం. హామ్నెట్. కవలల్లో మగపిల్లవాడు. 1596 ఆగస్టు 11న స్ట్రాట్‌ఫర్డ్‌లో పూడ్చిపెట్టారు. 11 ఏళ్లు. ఏ జబ్బో తెలిపే కాగితం లేదు. చర్చి రిజిస్టరులో ఒక్క పంక్తి.

బిడ్డ పేరు హామ్నెట్, నాటకం పేరు హామ్లెట్. ఆ రోజుల్లో రెండూ ఒకే పేరు కింద లెక్క. హామ్నెట్ శాడ్లర్ అనే పొరుగాయన పేరే బిడ్డకు పెట్టారు, షేక్‌స్పియర్ వీలునామాలో ఆ పొరుగాయన పేరు హామ్లెట్ అని రాసి ఉంది. కాబట్టి సీరియల్ రాసేవాడికి వెంటనే అనిపిస్తుంది, కొడుకు పోయాడు, ఆ దుఃఖంతో హామ్లెట్ రాశాడు. కానీ హామ్లెట్ అనే నాటకం లండన్‌లో అంతకు ముందే ఉంది. 1594లోనే ఆడినట్టు థియేటర్ యజమాని హెన్‌స్లో లెక్కల పుస్తకంలో రాసి ఉంది. అప్పటికి ఈ బిడ్డ బతికే ఉన్నాడు. సరే, ‘కింగ్ జాన్’ ఉంది. అందులో కొడుకు దూరమైన తల్లి అంటుంది, లేని బిడ్డ జాగాను దుఃఖం నింపేసింది, వాడి మంచం మీద పడుకుంటుంది, నాతో పాటు అటూ ఇటూ తిరుగుతుంది అని. చదివితే గుండె తరుక్కుపోతుంది. మరి ఆ నాటకం హామ్నెట్ పోయాక రాశాడా, ముందే రాశాడా అని పండితులు ఈనాటికీ కొట్టుకుంటూనే ఉన్నారు. ముందే రాసుంటే? అది ఆలోచించండి. ముందే రాసిన తండ్రి, ఆ తర్వాత నిజంగా బిడ్డ పోతే, తన మాటలు తన నాటక సమాజం నటుడి నోట మళ్లీ వినాల్సి వస్తే? దుఃఖం వల్ల రాశాడు అనే కథ కంటే ఇది వందరెట్లు బరువైనది.

కొడుకు పోయిన తర్వాతి నాలుగైదేళ్లలో ఆయన రాసినవి చూడండి. ‘మచ్ అడో అబౌట్ నథింగ్’. ‘యాజ్ యూ లైక్ ఇట్’. నవ్వించే నాటకాలు. ఎందుకంటే ఆ నాటక సమాజానికి నాటకం కావాలి. నటులకు జీతాలు కావాలి. ఈ నిశ్శబ్దాన్ని బాగా పట్టుకున్నది, ఆశ్చర్యంగా, ఒక హాస్య సీరియల్. బీబీసీలో 2016 నుంచి వచ్చిన ‘అప్‌స్టార్ట్ క్రో’. బెన్ ఎల్టన్ రాశాడు, డేవిడ్ మిచెల్ వేశాడు. మూడు సీజన్లు కడుపుబ్బ నవ్వించి, మూడో సీజన్ చివరి భాగంలో హామ్నెట్ చావు దగ్గరికి వచ్చేసరికి నవ్వు ఆపేశారు. ఇంటికి వచ్చిన తండ్రి, పొయ్యి దగ్గర భార్య. పెద్ద డైలాగులేం లేవు. నేను అది చూసి చాలాసేపు లేవలేకపోయాను.

సరే. ప్రేమ వద్దు, డైరీ వద్దు అంటున్నారు, మరి ఖాళీలో ఏం పెట్టమంటారు అని అడుగుతారు మీరు. పని పెట్టండి. ఎందుకంటే ఆయన మనసు గురించి కాగితాలు లేవు గానీ, ఆయన పని గురించి బోలెడు ఉన్నాయి. వాటిలో ఉన్న కథ ఎవరూ కల్పించలేనంత గొప్పది. ఒక్కటి చెబుతాను, ఓపికగా వినండి.

1576లో జేమ్స్ బర్బేజ్ లండన్ శివారు షోర్‌డిచ్‌లో స్థలం లీజుకు తీసుకుని నాటకశాల కట్టాడు. 21 ఏళ్ల లీజు. దాని పేరు ‘ది థియేటర్’. అంతే, వేరే పేరు లేదు. లీజు 1597లో అయిపోతుంది. స్థలం యజమాని జైల్స్ అలెన్ పొడిగించడానికి సవాలక్ష షరతులు పెడుతున్నాడు. బర్బేజ్ ముందుచూపున్న మనిషి. 1596లో ఊరి మధ్య బ్లాక్‌ఫ్రయర్స్‌లో 600 పౌండ్లు పోసి భవనం కొన్నాడు, పైకప్పున్న నాటకశాల చేద్దామని. అక్కడి పెద్దమనుషులు, మా వీధిలో నాటకాలా అని ప్రభుత్వానికి అర్జీ పెట్టి ఆపించారు. డబ్బంతా అక్కడ ఇరుక్కుంది. 1597 ఫిబ్రవరిలో బర్బేజ్ చనిపోయాడు. ఇద్దరు కొడుకులు, కత్‌బర్ట్, రిచర్డ్. రిచర్డ్ సమాజంలో పెద్ద నటుడు. చేతిలో డబ్బు లేదు, నాటకశాలకు తాళం పడింది, అలెన్ ఆ కట్టడం నాదే, విప్పి కలప వాడుకుంటానంటున్నాడు.

1598 డిసెంబరు 28. క్రిస్మస్ రోజులు, ఎముకలు కొరికే చలి. అలెన్ ఊళ్లో లేడు. బర్బేజ్ అన్నదమ్ములు, పీటర్ స్ట్రీట్ అనే వడ్రంగి మేస్త్రీ, డజను మంది పనివాళ్లు గొడ్డళ్లు, కత్తులు పట్టుకుని వచ్చి ఆ నాటకశాలను దూలం దూలంగా విప్పేశారు. విప్పిన కలప మేస్త్రీ కొట్టంలో దాచి, తర్వాత థేమ్స్ నది దాటించి, అవతలి ఒడ్డున కొత్త నాటకశాల లేపారు. దాని పేరు గ్లోబ్. అలెన్ కోర్టుకెక్కి 800 పౌండ్లు నష్టపరిహారం కావాలన్నాడు. స్థలం నీది, కట్టడం మాది, విప్పుకునే హక్కు ఒప్పందంలోనే ఉంది అని వీళ్ల వాదన. ఈ సంగతులన్నీ మనకు తెలిసింది ఆ దావా కాగితాల వల్లే.

ఇక్కడ చూడండి. అన్నదమ్ముల దగ్గర డబ్బు లేదు కాబట్టి ఏం చేశారు? గ్లోబ్‌లో సగం వాటా తాము ఉంచుకుని, మిగతా సగం ఐదుగురు నటులకు పంచారు. ఒక్కొక్కరికి పదో వంతు. ఆ ఐదుగురిలో ఒకడు షేక్‌స్పియర్. అంతకు ముందు నాటకం అమ్ముకునే రచయితకు ఒక్కసారి డబ్బు చేతికొస్తే అంతే సంగతి. ఇప్పుడు తలుపు దగ్గర పెట్టెలో పడే ప్రతి పెన్నీలో ఈయనకు భాగం. తన సమాజం, తన నాటకశాల, తన నటులు. హామ్లెట్, ఒథెల్లో, లియర్, అన్నీ ఆ తర్వాతే. ఎవరికి రాస్తున్నాడో తెలిసి రాసినవి. రిచర్డ్ బర్బేజ్ గొంతు ఎంత దూరం పోతుందో తెలిసి రాసినవి. చెప్పండి, ఇందులో ప్రేమకథ లేదని ఎవరంటారు? చలిలో ఆ దూలాలు మోస్తున్న మనుషుల్ని చూడండి.

రచన ఎలా జరిగేదో కూడా కాగితం మీద దొరుకుతుంది. ‘మచ్ అడో’ నాటకం 1600లో అచ్చయింది. అందులో డాగ్‌బెరీ అని తిక్క పోలీసు ఒకడున్నాడు. అచ్చులో కొన్ని చోట్ల డాగ్‌బెరీ అని ఉండాల్సిన దగ్గర కెంప్ అని ఉంది! విల్ కెంప్ అంటే సమాజంలో హాస్యనటుడు. అంటే రాస్తున్నప్పుడు కలం కింద పాత్ర పేరు కాదు, మనిషి పేరు వచ్చింది. కెంప్ గొంతు వింటూ రాస్తున్నాడు. తర్వాత కెంప్ సమాజం వదిలి వెళ్లిపోయాడు, ఆ స్థానంలో రాబర్ట్ ఆర్మిన్ వచ్చాడు. ఆర్మిన్ పాడగలడు, మాటలతో ఆడగలడు. అప్పటి నుంచి షేక్‌స్పియర్ విదూషకులే మారిపోయారు. లియర్ రాజు పక్కన వానలో తడుస్తూ పాడే విదూషకుడు ఎక్కడి నుంచి వచ్చాడనుకున్నారు? ఒక నటుడు వెళ్లిపోయి ఇంకొకడు రావడం వల్ల వచ్చాడు.

నాటకాలు వేసినవాళ్లకు ఇంకోటి చెబితే సంతోషిస్తారు. అప్పట్లో నటుడికి నాటకం మొత్తం ఇచ్చేవాళ్లు కాదు. తన పోర్షన్ మాత్రమే, ముందు మాట్లాడేవాడి చివరి రెండు మూడు మాటలతో కలిపి రాసిచ్చేవాళ్లు. చుట్టగా చుట్టిన కాగితం. ఎడ్వర్డ్ ఆలెన్ అనే నటుడి పోర్షన్ ఒకటి ఇప్పటికీ భద్రంగా ఉంది. అవతలివాడు ఎంతసేపు మాట్లాడతాడో, ఏం మాట్లాడతాడో తెలియకుండా, ఆ చివరి మాట కోసం చెవులు రిక్కించుకుని నిలబడాలి. ఎంత టెన్షన్! ఆ ఒక్క రిహార్సల్ దృశ్యం తీస్తే చాలు, ఒక భాగం నిలబడుతుంది.

1601 సంగతి కూడా ముట్టుకుని వదిలేస్తాను, 1978 సీరియల్ దాన్ని తీసుకుంది కాబట్టి. ఫిబ్రవరి 7, శనివారం. ఎసెక్స్ ప్రభువు మనుషులు వచ్చి, రాజును గద్దె దించే ‘రిచర్డ్ ది సెకండ్’ ఆడమన్నారు. పాత నాటకమండీ, జనం రారు అన్నారు వీళ్లు. మామూలు దాని మీద 40 షిల్లింగులు ఎక్కువిస్తామన్నారు. ఆడారు. మర్నాడే రాణి మీద ఎసెక్స్ తిరుగుబాటు, అది విఫలం. సమాజం తరఫున అగస్టీన్ ఫిలిప్స్ అనే నటుణ్ణి పిలిచి విచారించారు. వదిలేశారు. అదే నెల 24న ఆ సమాజమే రాణి ముందు నాటకం ఆడింది. 25న ఎసెక్స్ తల తెగింది. 24 రాత్రి రంగం వెనక ఆ నటులు ఒకరి మొహం ఒకరు ఎలా చూసుకుని ఉంటారు? ఇదీ ఖాళీయే. కానీ దీనికి నాలుగు వైపులా గోడలున్నాయి. ఇలాంటి ఖాళీ నింపండి, నేను మొదటి వరసలో కూర్చుని చూస్తాను.

టైము అయిపోతోందని సైగ చేస్తున్నారు. ఒక్క విషయం చెప్పి ముగిస్తాను.

వీలునామా అనగానే అందరికీ గుర్తొచ్చేది భార్యకు రాసిన ‘రెండో మంచి మంచం’, అంటే ఇంట్లో అన్నిటికన్నా మంచిది కాదు, దాని తర్వాతిది. దాని మీద ఎన్ని చిలవలు పలవలు అల్లారో లెక్కలేదు. అదే వీలునామాలో పంక్తుల మధ్య ఇరికించి రాయించిన మాట ఇంకోటి ఉంది. నా తోటివాళ్లు జాన్ హెమింజెస్, రిచర్డ్ బర్బేజ్, హెన్రీ కాండెల్, ఒక్కొక్కరికి 26 షిల్లింగుల 8 పెన్నీలు, ఉంగరాలు కొనుక్కోవడానికి. అప్పటికి స్ట్రాట్‌ఫర్డ్‌లో పెద్ద ఇల్లుంది, భూములున్నాయి, అల్లుళ్లున్నారు. అయినా లండన్ సమాజంలో ముగ్గురు నటులు గుర్తొచ్చారు.

1616 ఏప్రిల్‌లో ఆయన పోయాడు. 1619లో బర్బేజ్ పోయాడు. మూడు ఉంగరాల్లో ఒకటి వెళ్లిపోయింది. మిగిలిన ఇద్దరు, హెమింజెస్, కాండెల్, నాటకాలన్నీ పోగుచేశారు. 36 నాటకాలు. అందులో 18 అంతకు ముందు ఎప్పుడూ అచ్చు కాలేదు. మాక్‌బెత్, జూలియస్ సీజర్, ట్వెల్త్ నైట్, టెంపెస్ట్ అందులోవే. విలియం జాగర్డ్ అచ్చాఫీసులో పని జరిగింది. జాగర్డ్‌కు అప్పటికే చూపు లేదు, పుస్తకం బయటికి వచ్చే రోజుల్లోనే ఆయనా పోయాడు, కొడుకు పని చూసుకున్నాడు. పుస్తకం వచ్చింది 1623 చివర్లో. ఆన్ హాత్‌వే ఆ ఆగస్టులోనే చనిపోయింది.

నాకు చూడాలని ఉన్న దృశ్యం అది. ఇద్దరు ముసలి నటులు, వేళ్లకు ఉంగరాలు, ముందు కాగితాల కట్టలు. ఈ పంక్తి ఇలా ఉండేదా, అలా ఉండేదా అని ఒకడు అడిగితే, రెండోవాడు లేచి నిలబడి, రంగం మీద చెప్పినట్టు చెప్పి చూపిస్తాడు.

ఇక మీ ప్రశ్నలు అడగండి. ఇందాక వేషాల గురించి అన్న అయ్యగారితో మొదలుపెడదాం.